ఏ ఐనార్సన్?

ఒక ఇల్లు. అందులో కాపురముండేది ముగ్గురు. ముగ్గురికీ మూడు ఇంటిపేర్లు.

రాసుకున్నది ఇంకోసారి చదువుకుని ఎజ్రా విట్‌లాక్ పెన్సిలు బల్ల మీద పడేశాడు.

"సరే తల్లీ, మళ్ళీ మొదటికొద్దాం. ఈ నూట అరవై ఎకరాల సర్కారు బంజరుకి దరఖాస్తు పెట్టింది ఇల్లుగి ఐనార్సన్. ఔనా?"

"ఔను."

"ఆయన మీ భర్త."

"ఔను."

"కాబట్టి మీరు శ్రీమతి ఐనార్సన్."

"కాదు. నేను సోల్వేగ్ పాల్స్‌దోత్తిర్." ఆమె చేతిలో అల్లిక సూదులు ఆగలేదు. "కాఫీ చల్లారిపోతోంది, ఎజ్రా. తాగండి."

విట్‌లాక్ పళ్ళు బిగించాడు. భూమిశాఖ ప్రత్యేక విచారణాధికారిగా ఏళ్ళ తరబడి అమెరికాలోని ఈ డకోటా అంతా తిరుగుతున్నాడు. కన్నతల్లి పోయాక అతన్ని ఎజ్రా అని పిలిచిన మొదటి ఆడది ఈమే. ఈ ఐస్‌లాండు వాళ్ళ పల్లెలో కాలుపెట్టిన దగ్గర్నుంచీ అందరిదీ అదే వరస. ఇక్కడ పాస్టరుని కూడా పేరు పెట్టే పిలుస్తారట.

పొయ్యి పక్కన కూర్చున్న ముసలావిడ వైపు తిరిగాడు.

"మీరు ఇల్లుగి తల్లి. కనీసం మీరైనా ఐనార్సనేనా?"

"నేనా? నేను ఆడదాన్ని కదరా అబ్బాయ్! ఎవరికో కొడుకునెట్లా అవుతాను?" ముసలావిడ కోడలి వైపు చూసి, ఇతనికి మతి సరిగ్గానే ఉందా అన్నట్టు కనుబొమలు ఎగరేసింది. "ఐనార్ నా మొగుడు. పోయి ఇరవై ఏళ్ళయింది. ఐనార్ కొడుకు గనక మావాడు ఐనార్సన్. పాల్ కూతురు గనక ఇది పాల్స్‌దోత్తిర్. నేను గిస్లి కూతుర్ని, వాల్గెర్ద గిస్లాదోత్తిర్‌ని. ఇందులో అర్థం కానిదేముంది?"

"మరి ఇంటిపేరు?"

"ఇంటికి పేరెందుకు? మనుషులకుంటే చాలదూ?"

బంజరు భూముల కేసుల్లో విట్‌లాక్ చూడని మోసం లేదు. చక్రాల మీద ఒకే ఇంటిని దొర్లించుకెళ్ళి నలుగురు నాలుగు పొలాల్లో నా ఇల్లంటే నా ఇల్లని ప్రమాణం చేయడం చూశాడు. బొమ్మరిల్లంత డబ్బా కట్టి 'పన్నెండు బై పద్నాలుగు' అని రాయించడం చూశాడు. అడుగులా అంగుళాలా అని చట్టం చెప్పలేదట! అబద్ధం చెప్పేవాళ్ళతో వేగడం అతనికి అలవాటే. నిజం చెబుతూ ఇంత కొంప ముంచేవాళ్ళని చూడడం ఇదే మొదలు.

"అర్థం కావలసింది నాకు కాదమ్మా. రేపు పొద్దున్న భూమి ఆఫీసులో బల్ల అవతల కూర్చునే పెద్దమనిషికి. వినండి. ఇల్లుగి పేరున ఉన్న ఈ నేల తనకి కావాలని కార్నీలియస్ డ్రమ్ అభ్యంతరం వేశాడు. మీ ఆయన నవంబరులోనే చచ్చిపోయాడంటున్నాడు. దరఖాస్తుదారు చనిపోతే హక్కు ఎవరిది? పెళ్ళానిది. అంతవరకూ మీకు ఢోకా లేదు. కానీ మీరు ఆయన పెళ్ళాం కాదంటున్నాడు. పేరే వేరు, పెళ్ళి ఐస్‌లాండులో ఎప్పుడో జరిగింది, కాగితం లేదు. పెళ్ళాం కాకపోతే మీరు పొలంలో దూరిన పరాయి మనిషి. నేల ఖాళీ. ముందు అడిగినవాడు డ్రమ్. చాలా?"

"నాలుగేళ్ళు ఈ నేల దున్నాను," అంది సోల్వేగ్. "ఇల్లుగి నాగలి పట్టాడు, నేను ఎద్దుల్ని తోలాను. ఒక ఏడు ఎద్దు చస్తే దాని చోట నేనే కాడి కింద నిలబడ్డాను. పరాయి మనిషి అలా చేస్తుందా?"

"చట్టానికి కళ్ళు లేవమ్మా. కాగితాలే ఉన్నాయి." విట్‌లాక్ ముందుకి వంగాడు. "మీ ఆయన బతికుంటే ఈ గొడవే లేదు. పట్టా రావాలంటే నేల మీదే కాపురముండాలి. కానీ మొగుడు కూలిపనికి వెళ్ళినా పెళ్ళాం నేల మీదే ఉంటే కాపురం ఉన్నట్టే లెక్క. నవంబరులో ఎక్కడికి వెళ్ళాడు?"

"పనికి."

"ఏ పనికి?"

"చలికాలం పనికి."

"ఎక్కడికి?"

"దూరం."

"దూరం అనే ఊరు నా పటంలో లేదు తల్లీ!"

సోల్వేగ్ ఇంకో వరస అల్లింది. వాల్గెర్ద పొయ్యిలో కట్టె ఎగదోసింది.

విట్‌లాక్‌కి లేచి బల్ల మీద ఒక్క గుద్దు గుద్దాలనిపించింది. గుద్దలేదు. బల్ల మీద అతను తినకుండా వదిలేసిన ఎండుచేప ఉంది.

"సరే. మూడు రోజుల కిందట మీ పొలంలోని వాగు గట్టున మంచు కరిగి శవం బయటపడింది. ముఖం నక్కలు తినేశాయి. కోటులో ఐనార్సన్ అని పేరు చెక్కిన వస్తువు దొరికింది. డ్రమ్ పెట్టుకున్న డిటెక్టివు హార్లన్ పైక్ మిమ్మల్ని శవం దగ్గరికి తీసుకెళ్ళాడు. అక్కడ నలుగురు సాక్షుల ముందు 'ఈయన నా భర్త కాదు' అని మీరే అన్నారు. ఎందుకన్నారు?"

"కాదు గనక."

విట్‌లాక్ మెల్లగా, చిన్నపిల్లకి చెప్పినట్టు అడిగాడు.

"ఏది కాదు? చచ్చినవాడు మీ భర్త కాదనా? మీ భర్త మీ భర్త కాదనా?"

ఆ పొద్దున మొదటిసారి సూదులు ఆగాయి.

"కాఫీలో ఏమైనా కలుపుకున్నారా ఎజ్రా?" అంది సోల్వేగ్. "అక్కడ పడుకున్న మనిషి ఇల్లుగి కాదు. ఇంకెవరో పాపం. మా ఆయన ఎడమ కాలికి రెండు వేళ్ళు లేవు. మొదటి చలికాలంలోనే మంచుకి పోయాయి. ముఖం లేదు కదా, అందుకని మేజోడు తీసి కాలు చూశాను. అయిదు వేళ్ళూ ఉన్నాయి."

"ఈ మాట పైక్‌కి చెప్పారా?"

"ఆయన అడగలేదు. 'ఈ ఐనార్సన్ నీ మొగుడేనా' అన్నాడు. కాదన్నాను. చాలా సంతోషపడి రాసుకుని వెళ్ళిపోయాడు."

"నన్నూ అడిగాడు," అంది వాల్గెర్ద. "'ఇతను ఐనార్సనేనా' అని. ఏ ఐనార్సన్ నాయనా, ఈ పల్లెలోనే అరడజను మంది ఉన్నారు అన్నాను. ముసలిదానికి మతి లేదని రాసుకున్నాడు."

విట్‌లాక్ రెండు చేతుల్లో ముఖం దాచుకున్నాడు. మూడు రోజులు. రెండు వాంగ్మూలాలు. నలుగురు సాక్షులు. ఒక్కడంటే ఒక్కడికి ఎదురు ప్రశ్న వేయాలని తోచలేదు. అతను టోపీ అందుకుని లేచాడు.

"పదండి. ఇద్దరూ రండి."

"నేను మా నేల దాటను," అంది సోల్వేగ్. "నేనలా అడుగు బయటపెట్టగానే డ్రమ్ మనిషి వచ్చి నా మంచం మీద పడుకుంటాడు."

"దాటనక్కర్లేదు. శవం మీ గడ్డి కొట్టంలోనే ఉంది కదా."

* * *

కొట్టంలో హార్లన్ పైక్ గడ్డిమోపు మీద దర్జాగా కూర్చుని ఉడికించిన గుడ్డు ఒలుచుకుంటున్నాడు. రెండడుగుల దూరంలో చెక్కబల్ల మీద గోనెపట్టా కప్పిన శవం. గుంజకి కట్టేసిన అతని గోధుమరంగు గుర్రం, ఎంత ఖరీదైనదో తనకే తెలిసినట్టు మెడ నిక్కించి నిలబడింది.

"రండి రండి, సర్కారు వారూ," అన్నాడు పైక్. "కేసు ముగిసిపోయాక వచ్చారు. గుడ్డు తింటారా?"

"శవం పక్కన తినడానికి నీకు ఎలా ముద్ద దిగుతుందయ్యా?"

"నాకు జీతమిచ్చేది డ్రమ్ గారు గురూ. మీలాగ ఖజానా కాదు. దొరికినప్పుడు తినాలి." పైక్ సోల్వేగ్‌ని చూసి నవ్వాడు. "మధ్యాహ్నానికి షెరీఫు బండి వస్తుందమ్మా. దుస్తులు సర్దుకోండి. మొగుడు కాని మనిషిని చంపి వాగులో పారేసి, వాడి పేరు మీద నేల దున్నుకోవడం... అబ్బో! డ్రమ్ గారు ఫిర్యాదు ఇచ్చేశారు."

సోల్వేగ్ ముఖం రంగు మారింది. విట్‌లాక్‌కి లెక్క తెలిసిపోయింది. బండి వచ్చి ఈమెని తీసుకుపోతే చాలు. రేపు విచారణ సమయానికి ఇల్లు తాళం పడి ఉంటుంది. ఖాళీ ఇల్లు, చచ్చిన దరఖాస్తుదారు, జైల్లో పరాయి ఆడది. అధికారి మరో మాట లేకుండా డ్రమ్ పేరు రాసేస్తాడు.

విట్‌లాక్ గోనెపట్టా కింది అంచు ఎత్తాడు. ఎడమ కాలి మేజోడు లాగాడు.

"పైక్, ఇలా రా. లెక్కలు వచ్చుగా?"

"ఏంటి వెటకారం?"

"వేళ్ళు లెక్కపెట్టు."

పైక్ గుడ్డు నములుతూనే వంగి చూశాడు. "అయిదు. అయితే?"

"ఇల్లుగికి మూడే."

"ఎవరు చెప్పారు? ఈవిడేనా? రేపు ఆరున్నాయంటుంది."

"ఆ వేళ్ళు కోసిన డాక్టరుని పిలిపించనా? నాలుగేళ్ళ కిందట ఆయన ఈ ఇంట్లోనే రెండు రాత్రులు పడుకున్నాడట. ఇంట్లోంచి వస్తూ వీళ్ళని అడిగాను. ఈ పల్లెలో ఏ ఇంటి తలుపు తట్టినా ఆ వేళ్ళ కథ చెబుతారు పైక్. నువ్వే తట్టలేదు."

నమలడం నెమ్మదించింది. కానీ పైక్ అంత తేలిగ్గా దిగేరకం కాదు. కోటు జేబులోంచి గుడ్డలో చుట్టిన వస్తువు తీసి గాలిలో ఊపాడు.

"మరి ఇదో? నశ్యం పోసుకునే కొమ్ము. శవం కోటు లోపలి జేబులో దొరికింది. మీద కొట్టొచ్చినట్టు పేరుంది. వేళ్ళు మొలిచాయేమో నాకు తెలీదు గానీ, పేరు మొలవదు కదా గురూ."

"ఇది వీళ్ళకి చూపించావా?"

"ఎందుకు చూపిస్తాను? చూపిస్తే ఏదో కథ అల్లుతారు."

"ఇటివ్వు."

"సాక్ష్యం ఇది. ముట్టుకోనివ్వను."

"హార్లన్ పైక్," అన్నాడు విట్‌లాక్. "నేను కంచరగాడిద బండిలో బురదలో పడి వచ్చాను. రెండు రోజులుగా ఎండుచేపలు తింటున్నాను. వచ్చిన దగ్గర్నుంచీ నన్ను ఎజ్రా అంటున్నారు. ఇంక ఒక్క మాట అన్నావంటే, భూమిశాఖ విచారణకి అడ్డం వచ్చావని నీ మీద కేసు రాసి ఆ గోధుమ గుర్రాన్ని జప్తు చేస్తాను. ఇస్తావా, రాయనా?"

పైక్ ఇచ్చాడు.

అరచేయంత ఆవుకొమ్ము. వెడల్పు కొసన వెండి పట్టీ, సన్న కొసన చెక్క బిరడా. ఏళ్ళ తరబడి చేతులు తగిలి బెల్లంరంగుకి తిరిగింది. పక్కన పెద్ద అక్షరాలతో ఐనార్సన్ అని చెక్కి ఉంది. విట్‌లాక్ దాన్ని తలుపు దగ్గర వెలుతురులోకి తీసుకెళ్ళాడు. కొమ్మంతా రంగు మారినా అక్షరాల లోపల మాత్రం నిన్నమొన్న చెక్కినట్టు తెల్లగా, పాలపంటిలా ఉంది. బిరడా తీసి కొమ్ముని చేతిలో వంచాడు. పొడి జారింది. పొడిపొడిగా, ఉఫ్ అంటే ఎగిరేటట్టు. ఊదాడు కూడా.

పైక్ వరసగా నాలుగు తుమ్ములు తుమ్మాడు.

"ఈ కోటు జేబులో చెయ్యి పెట్టి చూడు," అన్నాడు విట్‌లాక్. "ఇంకా పిండితే నీళ్ళు కారతాయి. చలికాలమంతా మంచులో నానిన కోటు. అందులో ఉన్న చెక్క బిరడా కొమ్ములో నశ్యం ముద్ద కట్టదా? ఇది ఆ జేబులో చలికాలం గడపలేదు. మంచు కరిగాక ఎవడో పెట్టాడు. చలికి దారితప్పి చచ్చిన ఎవడో దిక్కులేనివాణ్ణి మీరంతా కలిసి ఐనార్సన్‌ని చేశారు."

"పేరు..." అని మొదలుపెట్టాడు పైక్, ముక్కు తుడుచుకుంటూ.

"పేరు! అదే చెప్తున్నా. ఆ పేరే మీ కొంప ముంచింది. అమ్మా వాల్గెర్ద, మీరు ఈ కొమ్ము మీద పేరు వేయించుకోవాలంటే ఏమని చెక్కిస్తారు?"

విట్‌లాక్ తిరిగి చూశాడు. ముసలావిడ కొమ్మునే చూస్తోంది. చేతికర్ర ఎప్పుడు కింద పడిందో ఆమెకి తెలీదు.

"ఇది ఐనార్‌ది," అంది. "నా పెళ్ళినాటికే ఆయన దగ్గరుంది. పట్టీ మీద ఆ సొట్ట చూడు, నా పెద్దకూతురు పళ్ళొచ్చేటప్పుడు కొరికింది. ఆయన పోయాక ఇల్లుగి తాడు కట్టి మెళ్ళో వేసుకున్నాడు." ఆమె వేలితో అక్షరాలు తడిమింది. "ఈ గీతలు మావి కావు. పేరంటే ఇల్లుగి. ఐనార్సన్ అంటే ఫలానావాడి కొడుకని. తన వస్తువు మీద ఎవడైనా 'కొడుకు' అని చెక్కుకుంటాడా? ఏ కొడుకని అడగరూ? ఇది మనవాళ్ళు చెక్కింది కాదు. మీవాళ్ళ పని."

"విన్నావా?" అన్నాడు విట్‌లాక్ పైక్‌తో. "ఈ పల్లెలో ఎవడూ చేయని పొరపాటిది. ఐనార్సన్ అనేది ఇంటిపేరు అనుకునేవాడే చేస్తాడు. నీలాంటివాడు. నాలాంటివాడు. డ్రమ్ లాంటివాడు."

పైక్ ముఖంలో వెటకారం పోయింది. అతను మూర్ఖుడే గానీ దొంగ కాడని విట్‌లాక్‌కి మొదటిసారి అనిపించింది.

"లోపలి జేబు వెతకమని చెప్పింది డ్రమ్ గారే," అన్నాడు పైక్ మెల్లగా. "'అక్కడే ఉంటుంది చూడు' అన్నారు. నాకు అప్పుడేమీ తోచలేదు."

"నీకు ఎప్పుడు తోచింది గనక!"

వాల్గెర్ద వీళ్ళ మాటలు వినడం లేదు. కొమ్ము విట్‌లాక్ చేతిలోంచి లాక్కుంది. ముంజేతి మీద చిటికెడు పోసుకుని ముక్కుకి పట్టింది. గట్టిగా పీల్చింది. ఆమె తుమ్మలేదు. కళ్ళలో మాత్రం నీళ్ళు తిరిగాయి.

"వాడు నూరిందే," అంది. "వాళ్ళ నాన్నలాగే దుంపవేరు ఎండబెట్టి కలుపుతాడు. రెండు వారాలకి ఆ వాసన పోతుంది. ఇది పోలేదు." ముసలావిడ కోడలి మోచెయ్యి పట్టుకుంది. "సోల్వేగ్, వాడు మొన్నమొన్నటిదాకా బాగానే ఉన్నాడే. కానీ ఇది మెళ్ళోంచి ఎట్లా ఊడింది? నిద్రలో కూడా తియ్యడు కదే!"

సోల్వేగ్ కొట్టం గుంజకి ఆనుకుంది.

విట్‌లాక్ గెలిచాననుకున్న సంతోషం ఒక్క క్షణం కూడా నిలవలేదు. ఇల్లుగి బతికున్నాడు, లేదా మొన్నటిదాకా ఉన్నాడు. అతని మెళ్ళోంచి ఈ కొమ్ము తెంపినవాడికి అతనెక్కడున్నాడో తెలుసు. తెలియనిది తనకే. ఆ సంగతి తెలిసిన మనిషి పొద్దున్నంతా ఎదురుగా కూర్చుని మేజోళ్ళు అల్లింది.

"ఇంక చాలమ్మా," అన్నాడు. "ఎక్కడున్నాడు మీ ఆయన?"

"చెప్తే ఆయన్ని జైల్లో పెడతారా?"

"నేనెందుకు పెడతాను?"

"మీరు భూమిశాఖ కదా. సర్కారు అడవి కొట్టినవాళ్ళని పట్టుకునేది మీరే కదా."

విట్‌లాక్ కాసేపు ఆకాశం వైపు, అంటే కొట్టం కప్పు వైపు, చూశాడు. ఇందుకా! ఇందుకా పొద్దున్నించి తన ప్రాణం తీసింది!

"ఎద్దు కొనే డబ్బు కోసం వెళ్ళాడు," అంది సోల్వేగ్. ఇప్పుడు మాటలు ఒకదాని వెనక ఒకటి తోసుకొచ్చాయి. "ఇంకో ఎద్దు లేకుండా ఈ ఏడు దున్నలేం. నల్లవాగు దగ్గర అడవిలో దుంగలు కొడుతున్నారు. అది సర్కారు అడవని ఇల్లుగికి అక్కడికెళ్ళాక గానీ తెలీలేదు. అప్పటికి దారులు మూసుకుపోయాయి. తెలిసినవాళ్ళ చేత ఒక మాట పంపాడు, ఎవరికీ చెప్పొద్దు, బయటపడితే జైలూ పోతుంది నేలా పోతుంది అని. మంచు కరగ్గానే వచ్చేస్తానన్నాడు. ఈ వారమే రావాలి."

"ఆ పని చూపించిందెవరు?"

"డ్రమ్ గారే. స్వయంగా ఇంటికొచ్చి అడిగారు. చాలా మంచిగా మాట్లాడారు."

గుర్రం ఒకసారి డెక్క నేలకేసి కొట్టింది.

విట్‌లాక్‌కి డ్రమ్ ఎత్తు మొత్తం కళ్ళకి కట్టింది. నోరు విప్పలేని పనికి మనిషిని పంపించు. మొగుడెక్కడున్నాడో పెళ్ళాం చెప్పలేదు, వాడు రాలేడు. ఆ సందులో అభ్యంతరం వెయ్యి. అదృష్టం కొద్దీ అనామక శవం దొరికితే శిబిరానికి వెళ్ళి కొమ్ము తెంపుకురా. అంతా సిద్ధం. ఒక్కటే చిక్కు. మంచు కరిగింది. ఇల్లుగి ఇంటికి నడిచి వచ్చేస్తాడు.

"పైక్, డ్రమ్ ఇప్పుడెక్కడ?"

పైక్ లేచి నిలబడ్డాడు. అతని ఒళ్ళోంచి గుడ్డు పెంకులు రాలాయి.

"తెల్లవారుతుంటే ఊళ్ళో కొట్టు దగ్గర కలిశారు. జీనుకి గడ్డపారా పారా కట్టుకుని ఉన్నారు. ఎక్కడికండీ అంటే, రేపు నేల నాదవుతుంది కదా, హద్దు కర్రలు పాతి వస్తానన్నారు."

"ఇక్కడికి రాలేదే."

"రాలేదు," అన్నాడు పైక్. "నేనడిగాను కూడా. అయ్యా, పొలం దక్షిణాన కదా, మీరు ఉత్తరం దారి పట్టారేంటి అని. నవ్వి వెళ్ళిపోయారు."

"నల్లవాగు ఉత్తరానే," అంది సోల్వేగ్.

విట్‌లాక్ అప్పటికే గోధుమ గుర్రం పగ్గం విప్పుతున్నాడు. సోల్వేగ్ అతని పక్కకి వచ్చింది. వేగంగా, స్పష్టంగా చెప్పింది. పెద్ద వంతెన వరదకి పోయింది, డ్రమ్ పైనుంచి చుట్టి వెళ్ళాలి, సాయంత్రం దాకా పడుతుంది. రాతిరేవు దగ్గర గుర్రాన్ని నీళ్ళలో దింపితే సగం దారి కలిసొస్తుంది. నీళ్ళు జీను దాకా ఉంటాయి. దుంగలు కొట్టుకొస్తుంటాయి.

"నాకు ఈత రాదు," అన్నాడు విట్‌లాక్.

"గుర్రానికి వచ్చు. తోక వదలకండి."

అప్పుడు వినిపించింది. దిగువ దారిలో చక్రాల కిర్రుమోత. వాల్గెర్ద తలుపు సందులోంచి చూసింది.

"బండి. ముగ్గురున్నారు. ఒకడి రొమ్ము మీద ఏదో మెరుస్తోంది."

షెరీఫు మధ్యాహ్నం దాకా కూడా ఆగలేదు.

విట్‌లాక్ ఒక కాలు రికాబులో, ఒక కాలు నేల మీద పెట్టి ఆగిపోయాడు. ఉండి వాదిస్తే గంట పోతుంది. ఆ గంట ఆలస్యానికి అక్కడ గొయ్యి తవ్వడం అయిపోతుంది. వెళితే ఈమెని బండెక్కిస్తారు. రేపు ఇల్లు ఖాళీ. ఇన్నేళ్ళ ఉద్యోగంలో ఎన్ని ప్రమాణపత్రాలు చదివాడో గానీ, ఇలాంటప్పుడు ఏం చేయాలో ఒక్క దాన్లోనూ లేదు.

"వెళ్ళండి," అంది సోల్వేగ్.

"వాళ్ళు మిమ్మల్ని..."

"వెళ్ళండి ఎజ్రా! నేల పోతే ఇంకోచోట దున్నుకుంటాం. ఆయన లేకుండా నేనొక్కదాన్ని ఏం దున్నను?"

విట్‌లాక్ గుర్రమెక్కాడు. పైక్ నడుముకి ఉన్న పిస్తోలు వైపు చెయ్యి చాచాడు. పైక్ మారుమాట లేకుండా ఇచ్చేశాడు.

"విను. ఈవిడ ఇప్పుడు కేంద్ర సర్కారు సాక్షి. నా కస్టడీలో ఉంది. నేను తిరిగొచ్చేదాకా గడప దాటించడానికి వీల్లేదు. ఆ మాట షెరీఫుకి నువ్వు చెప్పాలి. వేళ్ళ సంగతీ, కొమ్ము సంగతీ, జేబు వెతకమన్నదెవరో ఆ సంగతీ. నలుగురు సాక్షుల ముందు చెప్పు. నీకు అలవాటే."

"నేను డ్రమ్ జీతగాణ్ణి," అన్నాడు పైక్. ముఖం పాలిపోయింది. "షెరీఫు డ్రమ్ బావమరిది. నేనేం చేస్తానో మీకేం తెలుసు? నన్ను నమ్ముతున్నారా?"

"చచ్చినా నమ్మను," అన్నాడు విట్‌లాక్ గుర్రాన్ని తిప్పుతూ. "కానీ ఇంకెవరున్నారు చెప్పు?"

గుర్రం కొట్టం దాటి ఉత్తరం వైపు బురదలోకి దూకింది. అతను ఒక్కసారే వెనక్కి తిరిగి చూశాడు. బండి వాకిట్లో ఆగింది. షెరీఫు దిగుతున్నాడు. సోల్వేగ్ నడిచి వెళ్ళి తన గడప మీద కూర్చుంది. ఆమెకీ షెరీఫుకీ మధ్య, కొంచెం ఎడంగా, చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలియనివాడిలా హార్లన్ పైక్ నిలబడి ఉన్నాడు. షెరీఫు నవ్వుతూ అతని భుజం మీద చెయ్యి వేశాడు.

పైక్ ఆ చెయ్యి తీయలేదు.